చేతిలో ట్యాబ్, ఎదురుగా టీవీ



2011 మార్చిలో ఐప్యాడ్ 2తో పాటు ఆపిల్ కంపెనీ జానెడు కూడా లేని వైరు ముక్క ఒకటి అమ్మకానికి పెట్టింది. ధర 39 డాలర్లు. దాని ఒక కొసను ట్యాబ్‌లో గుచ్చాలి. రెండో కొసన రెండు రంధ్రాలుంటాయి, ఒకటి టీవీ కేబుల్‌కు, ఇంకొకటి ఛార్జర్‌కు. తగిలించగానే ట్యాబ్‌లో ఉన్నదంతా టీవీ తెర మీదికి వస్తుంది. తరగతి గదిలో పాఠం చూపించడానికో, ఆఫీసు మీటింగులో లెక్కలు చూపించడానికో బాగా పనికొచ్చే సరుకు. ఆస్ట్రేలియాలోని మెల్‌బోర్న్ నగరంలో ఫైర్‌మింట్ అనే ఆటల కంపెనీ వాళ్లకు మాత్రం అందులో కారు పందెం కనిపించింది.

వాళ్ల ఆట పేరు ‘రియల్ రేసింగ్ 2’. ట్యాబ్‌ను రెండు చేతులా పట్టుకుని స్టీరింగు తిప్పినట్టు అటూ ఇటూ వంచితే కారు మలుపు తిరుగుతుంది. ఆ ఏడాదే వాళ్లు ఆటను సవరించారు. వైరు పెట్టగానే పందెం మొత్తం టీవీలోకి వెళ్లిపోతుంది, తెర నిండా, 1920 చుక్కల వెడల్పు, 1080 చుక్కల ఎత్తుతో. లెక్కేస్తే 20 లక్షల పైచిలుకు చుక్కలు. ఐప్యాడ్ 2 సొంత తెర మీద ఉండేవి 8 లక్షల లోపే. అంటే ఆరు వందల గ్రాముల ఆ పరికరం తన తెర మీద చూపగలిగినదానికి రెండున్నర రెట్లు వివరంగా బొమ్మ గీసి టీవీకి పంపేదన్న మాట. మరి ట్యాబ్ తెర ఊరికే ఉండిపోయిందా? లేదు. అక్కడ పందెం బాట పటం వచ్చింది. ఏ కారు ఎక్కడుందో చూపించే వివరాలు వచ్చాయి. పందెం ఎదురుగా టీవీలో, పటం ఒళ్లో.

ఫైర్‌మింట్‌ను అదే ఏడాది ఈఏ అనే పెద్ద అమెరికా సంస్థ కొనేసింది. 

ట్యాబ్ ఆటలను టీవీలో ఆడించాలని అప్పటినుంచి జరిగిన ప్రయత్నాలు రెండు దారుల్లో సాగాయి. ఒకటి, ట్యాబ్‌లో కనిపించే బొమ్మను ఉన్నదున్నట్టు టీవీకి ఎక్కించడం. దీన్నే ఇళ్లలో మిర్రరింగ్ అంటున్నారు, కాస్ట్ చేయడం అంటున్నారు. రెండోది ఫైర్‌మింట్ చేసిన పని, టీవీకి ఒక బాధ్యత, ట్యాబ్‌కు మరో బాధ్యత అప్పగించడం. మొదటి దారి తేలిక, ఒక బటన్ నొక్కితే చాలు. అందుకే ఎక్కువమంది అటే వెళ్తారు. విసుగు పుట్టేదీ అక్కడే. ఎందుకు విసుగు పుడుతుందో తెలియాలంటే ఆడేవారి వేలికీ కంటికీ మధ్య ఏం జరుగుతోందో కాస్త దగ్గరగా చూడాలి.

ముందు వేలి సంగతి.

2010లో బ్రిస్బేన్ నగరంలోని హాఫ్‌బ్రిక్ సంస్థ ‘ఫ్రూట్ నింజా’ తెచ్చింది. తెర మీద పుచ్చకాయలు, అనాసలు ఎగిరొస్తుంటే వేలితో కోసెయ్యాలి. మూడేళ్ల పిల్లలకు కూడా ఎవరూ నేర్పనక్కర్లేకుండా వచ్చేసిన ఆట. ఎందుకంటే పండు ఎక్కడుందో వేలు అక్కడే ఉంటుంది. ఇప్పుడు ఆ బొమ్మను టీవీకి ఎక్కించండి. పండు పది అడుగుల దూరంలో గోడ మీద ఎగురుతుంది, వేలేమో ఒళ్లోని అద్దం మీద ఉంటుంది. టీవీ వైపు చూస్తే వేలు ఎక్కడుందో తెలియదు. వేలు వైపు చూస్తే ఇక టీవీ ఎందుకు? నున్నటి గాజు మీద తడిమి చూసినా ఏమీ తగలదు. టీవీ రిమోట్లలో చాలావాటికి 5 అంకె మీద చిన్న బొడిపె ఉంటుంది, చీకట్లో కూడా బొటనవేలు దాన్ని పట్టుకుని మిగతా అంకెలు వెతుక్కుంటుంది. ట్యాబ్ అద్దానికి అలాంటి ఆనవాలు ఒక్కటీ లేదు. తెర మీద గీసిన బటన్లతో ఆడే తుపాకీ ఆటలన్నిటికీ ఇదే చిక్కు. కళ్లు టీవీ మీద ఉన్నంతసేపూ బొటనవేళ్లు మెల్లగా పక్కకు జారిపోతుంటాయి, అవి జారిన సంగతి ఓడిపోయాక గానీ తెలియదు.

ఈ చిక్కును హాఫ్‌బ్రిక్ వాళ్లు ఎలా విడదీశారో చూస్తే వాళ్ల తెలివి మీద గౌరవం కలుగుతుంది. 2011 ఆగస్టులో అదే ఆటను మైక్రోసాఫ్ట్ వారి ఎక్స్‌బాక్స్‌కు తెచ్చారు. అక్కడ కినెక్ట్ అనే కెమెరా ఆడేవారి ఒంటి కదలికలను కనిపెడుతుంది. నిలబడి చెయ్యి విసిరితే చాలు, టీవీలో పండు తెగుతుంది. తెర మీద ఆడేవారి నీడ కూడా కనిపిస్తుంది, చెయ్యి ఎక్కడుందో కళ్లకు తెలియడానికి. వేలితో ఆడే ఆటను టీవీకి తీసుకెళ్లాలంటే బొమ్మను మోసుకెళ్తే సరిపోదనీ, చేతిని కూడా తీసుకెళ్లాలనీ వాళ్లు గ్రహించారు.

అన్ని ఆటలకూ ఈ ఇబ్బంది ఉండదు. ‘టెంపుల్ రన్’, ‘సబ్‌వే సర్ఫర్స్’ లాంటి పరుగు ఆటల్లో వేలిని పైకో కిందికో, కుడికో ఎడమకో రాస్తే దాదాపు చాలు. అద్దం మీద ఏ మూల రాసినా ఒకటే. అందుకని చూడకుండానే ఆడొచ్చు. పరుగు ఆటలకు దెబ్బ కొట్టేది వేలు కాదు, ఆలస్యం. పిల్లలు ల్యాగ్ అంటారే, అది.

ఆలస్యం గురించి చెప్పే ముందు 1990ల నాటి ఇళ్లలోకి ఒకసారి వెళ్లాలి. టీవీలో ఆటలు తెలుగు ఇళ్లకు కొత్త కాదు. క్యాసెట్ గుచ్చే వీడియో గేమ్ డబ్బాలు ఆ రోజుల్లో విజయవాడ బజార్లలోనూ, హైదరాబాద్ కోఠీలోనూ దొరికేవి. జపాన్ వారి నింటెండో యంత్రానికి నకళ్లు అవి. మారియో, కాంట్రా, ట్యాంకుల ఆట, వందల ఆటలున్నాయని అట్ట మీద రాసిన క్యాసెట్. వేసవి సెలవుల్లో గంటకింత అని తీసుకుని ఆడనిచ్చే దుకాణాలు కూడా ఉండేవి. ఆ డబ్బాతో పాటు చాలాసార్లు ఒక ప్లాస్టిక్ తుపాకీ వచ్చేది, తెర మీద ఎగిరే బాతులను కొట్టడానికి.

ఆ తుపాకీ నుంచి ఏమీ బయటికి వెళ్లదు. దాని గొట్టంలో వెలుతురును పసిగట్టే ఒక కన్ను ఉంటుంది, అంతే. గుర్రం నొక్కగానే తెర ఒక్క క్షణం నల్లబడుతుంది. వెంటనే బాతు ఉన్న చోట తెల్లటి చదరం మెరుస్తుంది. తుపాకీ సరిగ్గా అటే చూపిస్తుంటే కన్నుకు ఆ వెలుతురు తగులుతుంది, బాతు పడిపోతుంది. ఇదంతా రెప్పపాటు కంటే తక్కువ కాలంలో జరిగిపోవాలి. ఆనాటి బొద్దు టీవీల్లో అది జరిగేది. ఎందుకంటే ఆ గాజు గొట్టం టీవీ తనకు వచ్చిన సంకేతాన్ని దాచుకోదు, సరిదిద్దదు, వచ్చింది వచ్చినట్టే గీత తర్వాత గీతగా తెర మీద గీసేస్తుంది. అదే తుపాకీని ఈనాటి సన్న టీవీ ముందు పెడితే బాతు పడదు. తుపాకీ చెడిపోలేదు. వెలుతురు రావాల్సిన క్షణానికి రావడం లేదు.

కొత్త టీవీ ఒక కంప్యూటర్. దానికి బొమ్మ అందగానే నేరుగా చూపించదు. రంగులు దిద్దుతుంది, మసకను తుడుస్తుంది, చిన్న బొమ్మను పెద్ద తెరకు సరిపడా సాగదీస్తుంది, కదలిక నున్నగా కనిపించడానికి రెండు బొమ్మల మధ్య మూడోదాన్ని తనే ఊహించి కలుపుతుంది. ఈ సింగారానికి సమయం పడుతుంది. సెకనుకు 60 బొమ్మలు చూపే ఆటలో ఒక్కో బొమ్మ ఆయుష్షు 17 మిల్లీసెకన్ల కంటే తక్కువ. టీవీ సింగారంలోనే అలాంటివి నాలుగైదు బొమ్మల కాలం పోవచ్చు. సినిమా చూస్తున్నప్పుడు ఎవరికీ తెలియదు, మాటా బొమ్మా కలిసే ఆలస్యమవుతాయి. ఆటలో మాత్రం వేలు ఇప్పుడు కదిలింది, బొమ్మ తర్వాత కదిలింది. ఆ సందు వేలికి తెలిసిపోతుంది.

దీనికి టీవీ కంపెనీలే మందు పెట్టాయి. దాని పేరు గేమ్ మోడ్. అది పెడితే టీవీ సింగారాన్ని చాలావరకు పక్కనపెట్టి బొమ్మను వచ్చింది వచ్చినట్టు చూపిస్తుంది. 2017లో వచ్చిన హెచ్‌డీఎంఐ 2.1 ప్రమాణంలో ఇంకో మెట్టు ఎక్కారు, ఆట మొదలైందని పరికరమే టీవీకి చెప్తే టీవీ తనంతట తానే ఆ మోడ్‌లోకి మారే ఏర్పాటు చేశారు. మన ఇళ్లలో చాలా టీవీల్లో గేమ్ మోడ్ ఉంది. కొన్న నాటినుంచి దాని జోలికి వెళ్లని ఇళ్లే ఎక్కువ. బొమ్మ తీరు మార్చుకునే పిక్చర్ సెట్టింగుల్లో వెతికితే దొరుకుతుంది.

టీవీ సంగతి అలా ఉంచితే, వైరు లేకుండా పంపడంలో ఆలస్యం ఇంకా ఎక్కువ. అది ఎలా నడుస్తుందో చూడండి. ట్యాబ్ ముందు ఆట బొమ్మ గీస్తుంది. దాన్ని సినిమా ఫైలును కుదించినట్టు కుదిస్తుంది. వైఫై మీద ముక్కలుగా పంపుతుంది. అవతల టీవీకి తగిలించిన డబ్బా ఆ ముక్కలను ఏరుకుని, ఒకటి రెండు తప్పిపోయినా ఆట ఆగకుండా కొన్నిటిని దగ్గర పెట్టుకుని, విప్పి టీవీకి ఇస్తుంది. ఆ తర్వాతే టీవీ తన సింగారం మొదలుపెడుతుంది. క్రికెట్ మ్యాచ్ రోజున ఇది అందరి అనుభవంలోకీ వస్తుంది. పక్కింట్లో కేబుల్ టీవీ ముందు సిక్సర్ కేక వినిపిస్తుంది, ఫోన్‌లో చూస్తున్నవారికి బౌలర్ ఇంకా పరుగెత్తుతూనే ఉంటాడు. మ్యాచ్‌లో ఆ తేడా సెకన్లలో ఉంటుంది, మిర్రరింగ్‌లో సెకనులో పదో వంతో, అయిదో వంతో ఉంటుంది. చిన్నదే అనిపిస్తుంది. కానీ కంటికి కనిపించినదానికి చెయ్యి స్పందించడానికి మనిషికి సుమారుగా సెకనులో పావు వంతు పడుతుంది. దాని పక్కన ఇంకో అయిదో వంతు చేరితే పరుగు ఆటలో గోతి దాటాల్సిన మనిషి గోతిలో పడటం ఖాయం.

వైర్‌లెస్ పద్ధతులు ఒక్కొక్కటిగా వచ్చాయి. 2011 అక్టోబరులో ఐఓఎస్ 5తో ఐప్యాడ్ 2 తెరను 99 డాలర్ల ఆపిల్ టీవీ డబ్బాకు గాలిలోనే పంపడం కుదిరింది. 2012లో మిరాకాస్ట్ అనే ప్రమాణం వచ్చింది, అదే ఏడాది ఆండ్రాయిడ్ 4.2లో చేరింది. 2013లో గూగుల్ క్రోమ్‌కాస్ట్ తెచ్చింది. అది 2014 డిసెంబరులో 2,999 రూపాయలకు మన దేశంలోకి అడుగుపెట్టింది. ఇవన్నీ సినిమాలకూ ఫొటోలకూ చక్కగా పనిచేశాయి. వేగంగా కదిలే ఆటలకు ఇవేవీ వైరుకు సాటి రాలేదు.

వైరు అయితే అన్నీ సవ్యంగా ఉంటాయనీ చెప్పలేం. 2012లో ఆపిల్ లైట్నింగ్ అనే సన్నని రంధ్రం పెట్టి, దానికి తగ్గ కొత్త టీవీ అడాప్టర్ తెచ్చింది. 2013 మార్చిలో అమెరికాలోని ప్యానిక్ అనే సాఫ్ట్‌వేర్ కంపెనీ వాళ్లకు అందులో బొమ్మ కొద్దిగా చెదిరినట్టు కనిపించి అనుమానం వచ్చింది. అడాప్టర్‌ను రంపంతో కోసి చూశారు. లోపల ఒక చిన్న కంప్యూటర్ చిప్పు, దానికి సొంత జ్ఞాపకశక్తి! ఐప్యాడ్ బొమ్మను కుదించి పంపుతుంటే ఈ చిప్పు విప్పి టీవీకి ఇస్తోంది. అంటే బయటికి వైరులా కనిపించినా లోపల జరుగుతున్నది వైర్‌లెస్‌లో జరిగే పనే. ఇప్పటి ట్యాబ్‌లలో ఉండే సీ రకం యూఎస్‌బీ రంధ్రం ఈ విషయంలో మేలు, డిస్‌ప్లే‌పోర్ట్ సౌకర్యం ఉంటే బొమ్మ కుదింపు లేకుండా నేరుగా టీవీకి వెళ్తుంది. ఉంటే అన్న మాట ముఖ్యం. తక్కువ ధర ట్యాబ్‌లలో చాలావాటికి రంధ్రం అదే ఆకారంలో ఉన్నా టీవీకి బొమ్మ పంపే శక్తి ఉండదు. కేబుల్ కొని తెచ్చాక టీవీ నల్లగా ఉండిపోతే తప్పు కేబుల్‌ది కాదు. కొనే ముందే ట్యాబ్ వివరాల్లో డిస్‌ప్లే‌పోర్ట్ అనో, హెచ్‌డీఎంఐ అవుట్‌పుట్ అనో ఉందో లేదో చూసుకోవాలి.

ఇప్పుడు రెండో దారికి వద్దాం. రెండు తెరలు పని పంచుకోవడాన్ని అందరికంటే లోతుగా ఆలోచించినది నింటెండో. 2012 నవంబరులో వాళ్లు వీ యూ అనే యంత్రం విడుదల చేశారు. దాని చేతి పరికరం మధ్యలో 6.2 అంగుళాల టచ్ తెర ఉంటుంది, చూడటానికి ట్యాబ్ లాగే. ఆటను నడిపేది టీవీ దగ్గరున్న యంత్రం, చేతిలోని తెరకు బొమ్మ అక్కడినుంచే గాలిలో వస్తుంది. దాంతో పాటు వచ్చిన ‘నింటెండో ల్యాండ్’లో ఒక దయ్యం ఆట ఉంది. చేతిలో తెర ఉన్నవారు దయ్యం. ఆ దయ్యం వాళ్ల తెర మీదే కనిపిస్తుంది, టీవీలో కనిపించదు. మిగతా నలుగురూ టీవీ చూస్తూ టార్చిలైట్లు పట్టుకుని వెతుకుతారు. దయ్యం దగ్గరికొస్తే వాళ్ల చేతిలోని రిమోట్ వణుకుతుంది. “నా చెయ్యి వణుకుతోంది, ఇటే ఉంది” అని ఒకరు అరుస్తారు, దయ్యం పట్టుకున్నవారు నవ్వు ఆపుకుంటూ కూర్చుంటారు. ఒకే గదిలో ఉంటూ ఒకరికి తెలిసింది ఇంకొకరికి తెలియకపోవడం మీద కట్టిన ఆట అది. ఒక్క తెరతో ఎంత బుర్ర బద్దలుకొట్టుకున్నా ఇది కుదరదు.

అంత మంచి ఆలోచన బజారులో నిలవలేదు. వీ యూ మొత్తం 1 కోటి 35 లక్షల పైచిలుకు అమ్ముడైంది, దాని ముందు వచ్చిన వీ 10 కోట్లు దాటింది. పేరు చూసి పాత వీకి ఇదొక అదనపు సామానేమో అనుకున్నవారు ఎందరో. పైగా ఇలాంటి ఆటలు తయారుచేయడానికి బయటి కంపెనీలు పెద్దగా ముందుకు రాలేదు. నింటెండో 2017 మార్చి 3న స్విచ్ తెచ్చింది. చేతిలో పట్టుకుంటే ట్యాబ్, టీవీ పక్కనున్న స్టాండులో దించితే టీవీ ఆట. స్టాండులో పెట్టగానే దాని తెర స్టాండు చాటుకు వెళ్లిపోతుంది, టచ్ పనిచేయదు, ఆడించేది బటన్లున్న కంట్రోలరే. తెర మీద వేలు, టీవీ మీద కన్ను అనే తగువును నింటెండో అలా తెంచేసింది. స్విచ్ 15 కోట్లకు పైగా అమ్ముడైంది. వ్యాపారంగా అది సరైన తీర్పే. వీ యూలోని దయ్యం ఆట లాంటిది అందులో కుదరకపోవడం మాత్రం నష్టమే.

ఆ నష్టాన్ని పూడ్చింది ఇంట్లో ఉన్న ఫోన్లూ ట్యాబ్‌లే. ఫైర్‌మింట్ వాళ్లు 2011లోనే నలుగురికి నాలుగు పరికరాలిచ్చి, టీవీ తెరను నాలుగు భాగాలు చేసి పందెం పెట్టించారు. 2012లో వచ్చిన ‘స్కెచ్‌పార్టీ టీవీ’లో ఒకరు ఐప్యాడ్ మీద బొమ్మ గీస్తుంటే మిగతావారు టీవీలో చూస్తూ అదేమిటో చెప్పాలి. గీయాల్సిన మాట ట్యాబ్‌లోనే కనిపిస్తుంది. 2014 చివర్లో అమెరికాలో వచ్చిన జాక్‌బాక్స్ పార్టీ ప్యాక్ ఇంకా సులువు చేసింది. ఆట టీవీలో నడుస్తుంది, ఆడేవారు తమ ఫోన్‌లోనో ట్యాబ్‌లోనో బ్రౌజర్ తెరిచి, టీవీలో కనిపించే నాలుగు అక్షరాల కోడ్ కొట్టి చేరిపోతారు. డౌన్‌లోడ్ లేదు, కంట్రోలర్ కొనక్కర్లేదు. ఎవరి జవాబు వాళ్లు రహస్యంగా రాసి పంపితే టీవీలో అందరివీ ఒకేసారి బయటపడతాయి. ఈ ఆటల్లో ల్యాగ్ అనే మాటే వినిపించదు, జవాబు అయిదో వంతు సెకను ఆలస్యంగా చేరితే ఎవరికి నష్టం? 2023లో నెట్‌ఫ్లిక్స్ కూడా కెనడా, బ్రిటన్‌లలో ఫోన్‌ను కంట్రోలర్‌గా పెట్టి టీవీ ఆటలను పరీక్షించింది.

మన దగ్గరకొస్తే, 2016లో ముంబయి కంపెనీ విడుదల చేసిన ‘లూడో కింగ్’ 2020 లాక్‌డౌన్‌లో దేశమంతా పాకింది. అందులో పాములూ నిచ్చెనలూ కూడా ఉన్నాయి, అంటే వైకుంఠపాళి ఉన్నట్టే. ఎవరి వంతు వచ్చినప్పుడు వాళ్లు అదే ట్యాబ్ తీసుకుని పాచిక వేసే పద్ధతి అందులో ఉంది. మిర్రరింగ్‌కు ఇంత అనువైన ఆట ఇంకోటి లేదు. తొందర లేదు, వేలు సరిగ్గా ఒకేచోట పడాల్సిన పని లేదు. ట్యాబ్ చేయి మారుతుంటుంది, పాము నోట్లో ఎవరు పడ్డారో టీవీలో ఇంటిల్లిపాదికీ కనిపిస్తుంది. చత్వారం వచ్చిన తాతయ్య కూడా కుర్చీలోంచే అంకె చదవగలడు. చదరంగం, క్యారమ్స్, క్విజ్ పోటీలు, బొమ్మ చూసి సినిమా పేరు చెప్పడం, ఇవన్నీ ఈ కోవలోవే.

వేగం ఆటలే కావాలనుకునేవారికి రెండు మాటలు. బ్లూటూత్ కంట్రోలర్ ఒకటి ఉంటే సగం బాధ తీరుతుంది. ఆండ్రాయిడ్ ట్యాబ్‌లు 2011 నుంచీ కంట్రోలర్లను గుర్తుపడతాయి, ఐప్యాడ్‌లు 2019 నుంచి ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్ కంట్రోలర్లతో కూడా కలుస్తున్నాయి. ఆస్ఫాల్ట్ కారు పందేలు, మైన్‌క్రాఫ్ట్, స్టార్‌డ్యూ వ్యాలీ కంట్రోలర్‌తో బాగా నడుస్తాయి. అన్ని ఆటలూ దాన్ని ఒప్పుకోవు, కొనే ముందు చూసుకోవాలి. వైర్‌లెస్ తప్పకపోతే వైఫైని 5 గిగాహెర్ట్జ్ మీద పెట్టి, రౌటర్ ఉన్న గదిలోనే ఆడాలి. టీవీ మాటను మళ్లీ బ్లూటూత్ స్పీకర్‌కు పంపకూడదు, దానికీ ఆలస్యం ఉంటుంది. ఆట మొదలుపెట్టే ముందు ట్యాబ్‌లో డు నాట్ డిస్టర్బ్ వేయడం మరిచిపోవద్దు. లేకపోతే వచ్చిన ప్రతి వాట్సాప్ మెసేజీ చుట్టాలందరి ముందూ టీవీలో ప్రత్యక్షమవుతుంది. ఐప్యాడ్ బొమ్మకు టీవీలో రెండు పక్కలా నల్లటి పట్టీలు వస్తే కంగారు పడనక్కర్లేదు. ట్యాబ్ తెర కొంచెం చదరంగా, టీవీ తెర వెడల్పుగా ఉండటమే కారణం. వాటిని పోగొట్టాలని టీవీలో జూమ్ పెడితే ఆటలోని అంకెలే పైనా కిందా తెగిపోతాయి.

పిల్లలున్న ఇళ్లలో ఒక ప్రశ్న తప్పక వస్తుంది, టీవీకి పెడితే కళ్లకు మేలా అని. తల వంచి, ట్యాబ్‌ను ముఖానికి జానెడు దూరంలో పెట్టుకుని గంటలు గడపడం కంటే దూరంగా కూర్చుని చూడటం మెడకూ కంటికీ సుఖమే. అంతమాత్రాన సమయం పెంచడానికి అది కారణం కాకూడదు. 2 నుంచి 4 ఏళ్ల పిల్లలకు తెర ముందు రోజుకు గంట మించకూడదని, అంతకంటే తక్కువైతే ఇంకా మంచిదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో చెప్పింది. ఏడాది లోపు పిల్లలకు అసలే వద్దంది. ఆ గంట టీవీలో గడిచినా, ట్యాబ్‌లో గడిచినా గంటే. టీవీ వల్ల కలిగే నిజమైన మేలు వేరే ఉంది. పిల్లవాడు ఏం ఆడుతున్నాడో, ఎంతసేపటినుంచి ఆడుతున్నాడో ఇంట్లో అందరికీ కనిపిస్తుంది. వంటింట్లోంచి వచ్చిన అమ్మ రెండు నిమిషాలు నిలబడి చూసి, “అటు కాదురా, ఇటు తిప్పు” అంటుంది. మూలన కూర్చున్న పిల్లవాడి ట్యాబ్‌లోకి ఎవరూ అలా తొంగిచూసి మాట సాయం చేయరు.

అష్టాచెమ్మా మన అరుగుల మీద అలాగే సాగేది. ఆడేవారు నలుగురైతే చుట్టూ నిలబడి సలహాలిచ్చేవారు పది మంది. నాలుగు గవ్వలు వేస్తే, నాలుగూ వెల్లకిలా పడితే చెమ్మా, నాలుగూ బోర్లా పడితే అష్టా. ఆ ఆటను రెండు తెరల మీదికి తేవడం ఈనాడు పెద్ద పని కాదు. ట్యాబ్‌లో కదలికను పసిగట్టే భాగం ఎప్పటినుంచో ఉంది. ట్యాబ్‌ను గలగలమని ఊపితే గవ్వలు పడాలి, టీవీలో అయిదు అయిదుల గళ్ల పటం మీద కాయ కదలాలి. పొడుపు కథలకు జవాబులు ఎవరి తెర మీద వాళ్లు తెలుగులో రాసి పంపే ఆట కావాలి. సగం సామెత టీవీలో చూపించి మిగతా సగం చెప్పమనే ఆట కావాలి. సంక్రాంతికి డల్లాస్ నుంచో లండన్ నుంచో వచ్చిన మనవలూ, ఊళ్లోని అమ్మమ్మా పక్కపక్కన కూర్చుని ఆడగలిగేవి ఇవే. హైదరాబాద్‌లో ఆటలు తయారుచేసే స్టూడియోలు ఏళ్ల తరబడి ప్రపంచానికి పనిచేసి పెడుతున్నాయి. ఆ నైపుణ్యంలో కొంత ఈ పనికి మళ్లించమని వాళ్లను అడగాల్సిన బాధ్యత తెలుగు ఇళ్లదే.

అవి వచ్చేదాకా ఉన్నవాటితో మొదలుపెట్టవచ్చు. ఈ ఆదివారం టీవీలో గేమ్ మోడ్ వెతికి పెట్టండి, ట్యాబ్‌ను టీవీకి కలపండి, వైకుంఠపాళి తెరవండి. మొదటి పందెం ఇంట్లో అందరికంటే పెద్దవారి చేత వేయించండి.